పటం కథ మీద డాక్యుమెంటరీ: కెమెరా కొనే ముందు

మీ ప్రశ్న మిగతావాళ్ళకు కూడా తెలియాలి కాబట్టి ముందు క్లుప్తంగా చెబుతాను. మీది సిరిసిల్ల దగ్గర పద్మశాలి కుటుంబం. మీ నానమ్మ చిన్నతనంలో కూనపులి వాళ్ళు ఊరికి వచ్చి, పటం (కథంతా బొమ్మలుగా వేసిన పొడుగు గుడ్డ) కట్టి, రాత్రుళ్ళు మార్కండేయ పురాణం చెప్పేవాళ్ళట. ఆ పాటల మీద, వాటిలో ఉన్న "మన సాంస్కృతిక అస్తిత్వం" మీద డాక్యుమెంటరీ తీయాలనుకుంటున్నారు. ఇదే మొదటి ప్రయత్నం. ఏ కెమెరా కొనాలి, కళాకారులకు డబ్బులివ్వాలా, బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్ ఎవరితో చేయించాలి అని మూడు సంగతులు అడిగారు.

నేను ఇరవై ఏళ్ళ పైనుంచి ఇదే పనిలో ఉన్నాను, ఎక్కువగా తెలంగాణ పల్లెల్లో. కెమెరా సంగతి చివర్లో చెబుతాను, అదే అన్నిటికంటే తేలిక. మీరు అడగని ప్రశ్న ఒకటుంది, ముందు దానికి రావాలి. "మన అస్తిత్వం" అన్నారు కదా, ఎవరిది?

కథ మీది. మార్కండేయుడి వంశం, తామర తూళ్ళ దారంతో బట్ట నేసిన భావనాఋషి, ఆయన పులి వాహనం, మీ గోత్రాలు, ఇవన్నీ పద్మశాలీల పురాణం. కానీ దాన్ని నోట పెట్టుకుని మోసింది మీ వాళ్ళు కాదు, కూనపులి వాళ్ళు. తెలంగాణలో ఈ ఏర్పాటు చాలా కులాలకు ఉంది. గౌడ పురాణం గౌడ జెట్టీలు చెబుతారు. ముదిరాజులకు పాండవుల కథ కాకి పడగల వాళ్ళు చెబుతారు. గొల్లలకు కాటమరాజు కథ మందెచ్చుల వాళ్ళది. మాదిగలకు జాంబపురాణం డక్కలి వాళ్ళు, చిందు వాళ్ళు చెబుతారు. ఒక కులం తన పుట్టుక గురించి తాను తెలుసుకోవాలంటే, తన మీద ఆధారపడి బతికే ఇంకో కులం వచ్చి పాడాలి. వీళ్ళను ఆశ్రిత కులాలు అంటారు. 2022లో పద్మశ్రీ వచ్చిన దర్శనం మొగులయ్య గారి పన్నెండు మెట్ల కిన్నెరను సినిమా పాటలో విన్నవాళ్ళు లక్షల్లో ఉంటారు. ఆ కిన్నెర వెనక ఇంత పెద్ద ఇచ్చిపుచ్చుకునే లెక్క ఉందని తెలిసినవాళ్ళు ఎంతమంది?

అంటే మీరు తీయబోయేది మీ గురించే అయినా, మీ కెమెరా ముందు పాడేవాళ్ళు వేరే. వాళ్ళకు మీరు దాతలు. ఇది చిన్న విషయం కాదు. మీరు వెళ్ళి "ఈ కళ అంటే మీకు ఏమిటి?" అని అడిగితే, దాత ఎదుట చెప్పాల్సినదే చెబుతారు: మీ దయ, మీ పెద్దల పుణ్యం, మేము మీ బిడ్డలం. పెద్దాయనకు డెబ్బై ఏళ్ళుంటాయి, మీకు ముప్పై. అయినా మిమ్మల్ని "అయ్యా" అనే అవకాశముంది. ఆ మాట ఎడిటింగ్‌లో కోసెయ్యాలనిపిస్తుంది. కొయ్యకండి. ఎవరు కుర్చీలో కూర్చున్నారు, ఎవరు చాప మీద కూర్చున్నారు, అన్నం ఎక్కడ పెట్టారు, ఎవరి పళ్ళెం ఎవరు తీశారు, ఇవన్నీ కెమెరాలో పడనివ్వండి. అస్తిత్వం గురించి అరగంట ఇంటర్వ్యూలో దొరకనిది ఇక్కడ దొరుకుతుంది.

ఇది నేను తెలివిగా కనిపెట్టింది కాదు, చేతులు కాల్చుకుని తెలుసుకున్నది. నా రెండో సినిమాకు ఒక కాకి పడగల బృందాన్ని తీయాలనుకున్నాను. వాళ్ళుండే వాడకట్టు ఇరుకు, తీగలు, డిష్ యాంటెన్నాలు. ఫ్రేమ్ బాగోదని వాళ్ళను జీపులో ఎక్కించుకుని ఒక చెరువు గట్టు మీద మర్రిచెట్టు కిందికి తీసుకెళ్ళాను. పొద్దున ఏడు గంటల ఎండ, వెనక నీళ్ళు, ఎర్రటి పటం. చూస్తే కళ్ళు చెదిరిపోయే దృశ్యం. కథకుడు మొదలుపెట్టాడు, వంతలు, అంటే వెనక పాట అందుకునేవాళ్ళు, అందుకున్నారు. పావుగంట కాగానే నాకే అర్థమైంది, ఏదో ఆడట్లేదని. పాట ఉంది, తాళం ఉంది, ఆయన కళ్ళు మాత్రం ఎవరినో వెతుకుతున్నాయి. ఎదురుగా నేను, కెమెరామన్, సౌండ్ కుర్రాడు తప్ప ఎవరూ లేరు. టీ తాగేటప్పుడు ఆయనే అన్నాడు: "వినేటోళ్ళు లేకుంటే యాడ ఆపాల్నో తెలుస్తలేదు బిడ్డా."

ఆ మాట నాకు ఎక్కడానికి నాలుగు నెలలు పట్టింది. అప్పుడొక ముదిరాజుల ఇంటివాళ్ళు వాళ్ళను నిజంగానే పిలిపించుకున్నారు, నేను వెనక కూర్చున్నాను. అదే మనిషి, అదే కథ. కానీ కథ మొదలుపెట్టే ముందు ఆయన ఆ ఇంటి పెద్ద పేరు, ఇంటిపేరు, వాళ్ళ నాయన పేరు అడిగి తెలుసుకున్నాడు. కాసేపటికి అవే పేర్లు పాటలోకి వచ్చేశాయి. ఒక పేరు తప్పు పలికితే వెనక నుంచి ఒక ముసలమ్మ గట్టిగా దిద్దింది, అందరూ నవ్వారు. ఆయన ఆ నవ్వును కూడా దరువులో కలుపుకుని మళ్ళీ అందుకున్నాడు. బొమ్మలు చూపించే పుల్ల కొన పటంలో ఒక బొమ్మ మీద పెట్టి ఊరికే ఆగిపోయాడు. ఒక్క మాట లేదు. ఎవరో లేచి వెళ్ళి పటం ముందు పది రూపాయల నోటు పెట్టారు. ఆ తర్వాత కానీ పుల్ల కదల్లేదు. మర్రిచెట్టు కింద ఆయన వెతికింది ఈ నోటు పెట్టే చేతిని, ఆ దిద్దే ముసలమ్మను. నేను వాళ్ళను ఫ్రేమ్‌లోంచి తీసేసి పాటను మాత్రం తెచ్చుకున్నాను.

కాబట్టి మీకు నా మొదటి సలహా: ప్రదర్శన ఏర్పాటు చేయకండి, సందర్భం కోసం ఆగండి. అది దొరక్కపోతే మీ చుట్టాల్లోనే ఎవరినైనా పిలిపించమనండి. పిలిచేది సినిమావాడిగా మీరు కాదు, ఇంటివాళ్ళు. వినేవాళ్ళు మీ వాడకట్టు వాళ్ళే అయి ఉండాలి. మొదటి రాత్రి కెమెరా తీసుకెళ్ళనే వద్దు. ఊరికే కూర్చుని వినండి. ఎక్కడ జనం లేస్తున్నారు, ఎక్కడ పిల్లలు ముందుకు జరుగుతున్నారు, కథకుడు ఏ బొమ్మ దగ్గర ఎక్కువసేపు నిలబడుతున్నాడు అన్నది చూసుకోండి. రెండో రాత్రి కెమెరా ఎక్కడ పెట్టాలో మీకే తెలుస్తుంది. నా లెక్కలో అది పక్కగా పెట్టాలి, కథకుడి భుజం, పటం, జనం మొహాలు మూడూ పడేలా. ఎదురుగా పెడితే మీకు ఒక స్టేజీ ప్రోగ్రామ్ మాత్రమే మిగులుతుంది.

పటం గురించి కొంచెం తెలుసుకుని వెళ్ళండి. చేర్యాల ఊరి నకాశీ వాళ్ళు, అంటే బొమ్మలు వేసే కుటుంబాలు, వేసే పటాలు ఇవి. ఖద్దరు గుడ్డకు చింతగింజల పేస్టు, సుద్ద, జిగురు పట్టించి, ఎర్రటి నేపథ్యం మీద బొమ్మలు వేస్తారు. సుమారు మూడడుగుల వెడల్పు, పొడవు ముప్పై నలభై అడుగులు కూడా ఉంటుంది. కథ నడిచే కొద్దీ పటం ఒక వైపు విప్పుకుంటూ, ఇంకో వైపు చుట్టుకుంటూ పోతారు. ఇది మీకు ఎడిటింగ్‌లో బంగారం. కథ ఎంతవరకు వచ్చిందో ఆ చుట్ట లావు చూస్తే చాలు, వాయిస్ ఓవర్ అక్కర్లేదు. బొమ్మల కోసం చేర్యాల వెళ్ళి నకాశీ చిత్రకారుల దగ్గర ఒక రోజు గడపండి. అయితే ఇప్పుడు వాళ్ళ బతుకు ఎక్కువగా గోడకు తగిలించుకునే చిన్న బొమ్మల మీద, మాస్కుల మీద నడుస్తోంది. కథకుడి కోసం పొడుగు పటం వేయించుకునేవాళ్ళు ఎంత తగ్గిపోయారో అక్కడే తెలుస్తుంది. అది కూడా మీ సినిమాలో భాగమే.

ఇక ఇంటర్వ్యూలు. భావాల గురించి అడగకండి, లెక్కలు అడగండి. మిరాశీ (కథ చెప్పుకునే వంశపారంపర్య హక్కు) ఎన్ని ఊళ్ళు? నాయన పోయాక అన్నదమ్ములు ఊళ్ళు ఎలా పంచుకున్నారు? పటం ఒక్కటే అయితే అది ఎవరికి వచ్చింది, మిగతావాళ్ళకు బదులుగా ఏమిచ్చారు? కిందటిసారి ఏ ఊరు వెళ్ళారు, ఏమి పెట్టారు, ఎన్ని రోజులున్నారు? మీ ఊరి నేతగాళ్ళు భీవండికో షోలాపూర్‌కో వలసపోయాక ఆ ఊరి మిరాశీ ఏమైంది? ఇలా అడిగితే మనుషులు మాట్లాడతారు, కొట్లాడుకుంటారు కూడా. నాకు ఒకసారి ఇద్దరు అన్నదమ్ములు ఒక ఊరి పేరు మీద కెమెరా ముందే వాదించుకున్నారు. ఆ ఊళ్ళో వాళ్ళను పిలిచి పదిహేనేళ్ళయింది. హక్కు మాత్రం ఎవరూ వదులుకోలేదు. "కళ అంతరించిపోతోంది" అని నేను రాసుకున్న వాయిస్ ఓవర్ ఆ రోజే చింపేశాను.

ఆ మాట వచ్చింది కాబట్టి ఇంకొకటి. సాయంత్రం ఎండలో చివరి గాయకుడు ఒంటరిగా నడిచిపోవడం, వెనక ఫ్లూటు. దయచేసి ఇది తీయకండి. ఇలాంటి షాట్లు వందలకొద్దీ ఉన్నాయి. పైగా ఆ చివరి గాయకుడి కొడుకు ఆటో నడుపుతూ, ఆదివారాలు భజన బృందంలో హార్మోనియం వాయిస్తూ ఉంటాడు. మీరు అతన్ని అడగలేదు, అంతే. పాట ఎక్కడికో ఒకచోటికి పోయే ఉంటుంది. పెళ్ళి బ్యాండులోకి, గుడి మైకులోకి, యూట్యూబ్ చానెల్‌లోకి. దాని వెంట పడండి.

సౌండ్ దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగుతాను, ఎందుకంటే మొదటిసారి తీసేవాళ్ళంతా డబ్బు కెమెరాకు పెట్టి ఇక్కడ దెబ్బతింటారు. సంగీతం మీద సినిమా చూసేవాడు బొమ్మ మసగ్గా ఉంటే ఓర్చుకుంటాడు, పాట పగిలిపోతే లేచిపోతాడు. కెమెరా మీదున్న మైకును నమ్ముకోకండి. విడిగా ఒక రికార్డర్ తీసుకోండి, 48 కిలోహెర్ట్జ్, 24 బిట్. కథకుడు మాట్లాడుతూ మాట్లాడుతూ ఒక్కసారిగా పై స్థాయిలో పాట ఎత్తుకుంటాడు, అదే క్షణంలో మద్దెల పడుతుంది. లెవెల్ మాటకు సెట్ చేసుకుంటే పాట పగులుతుంది. గట్టిగా పాడించి చూసి, అప్పుడు కూడా మైనస్ 12 డీబీ దాటకుండా పెట్టుకోండి. 32 బిట్ ఫ్లోట్ రికార్డర్లు ఇప్పుడు అందుబాటులోకి వచ్చాయి, వాటితో ఈ టెన్షన్ చాలావరకు తగ్గుతుంది. కథకుడికి ఒక కాలర్ మైకు, వంతలకూ జనానికీ కలిపి ఒక స్టీరియో మైకుల జత. కాలర్ మైకు ఒక్కటే వాడితే పాట ఖాళీ గదిలో పాడినట్టుంటుంది. జనం దగ్గు, పిల్లల ఏడుపు, "అవ్, నిజమే" అనే వెనక గొంతులు, ఇవి శబ్ద కాలుష్యం కాదు, మర్రిచెట్టు కింద నాకు దొరకనివి ఇవే. ప్రతి చోటా ఎవరూ మాట్లాడకుండా ఒక నిమిషం ఊరికే రికార్డ్ చేసుకోండి, అతుకులు వేసేటప్పుడు దేవుడిలా కాపాడుతుంది.

సిరిసిల్ల కదా, మీకు సాంచాల (పవర్‌లూమ్‌ల) మోత తప్పదు. దాన్ని ఆపించాలని చూడకండి. మగ్గం చప్పుడు ఉన్న రోజుల్లో రాసిన కథ ఇప్పుడు పవర్‌లూమ్ మోతలో వినాల్సి వస్తోంది. మీ సినిమా మొత్తంలో చరిత్ర ఒక్క శబ్దంగా వినిపించేది అక్కడే. అయితే సాంచాల గది ముందు నిలబెట్టి ఇంటర్వ్యూ మాత్రం చేయకండి, ఒక్క ముక్క అర్థం కాదు.

బ్యాక్‌గ్రౌండ్ మ్యూజిక్ గురించి. చేయించకండి. దీనికి ఫ్రెంచ్ దర్శకుడు జాన్ రూష్ చెప్పిన ముచ్చట ఒకటుంది. 1950ల మొదట్లో నైజర్ నది మీద నీటిగుర్రం వేటను తీసి, ఉత్కంఠ ఉండే చోట ఆ ప్రాంతపు వేట సంగీతాన్నే పెట్టుకున్నాడు. సినిమాను తిరిగి ఆ ఊరికే తీసుకెళ్ళి వేటగాళ్ళకు చూపించాడు. వాళ్ళు అన్నీ బాగున్నాయని, ఆ సంగీతం మాత్రం తీసెయ్యమన్నారు. అంత చప్పుడు చేస్తే నీటిగుర్రం పారిపోదా అని! రూష్ తీసేశాడు. ఆయన పెట్టింది బయటి సంగీతం కూడా కాదు, వాళ్ళదే. అయినా చోటు తప్పు. మీరు పటం కథ మీద సింథసైజర్ వేణువు పెడితే మీ కథకుడు ఏమంటాడో ఊహించుకోండి. ఒక పాటలోంచి ఇంకో పాటకు వెళ్ళేటప్పుడు మీకు కావాల్సింది సంగీతం కాదు, సాధారణంగా ఒక రాత్రి కీచురాళ్ళ శబ్దం సరిపోతుంది.

అదే కారణంతో పాటను మధ్యలో కొయ్యకండి. కనీసం ఒక చోటైనా నాలుగైదు నిమిషాలు ఒకే షాట్‌లో పోనివ్వండి. వచనం నుంచి పాటకు, పాట నుంచి దరువుకు ఎలా జారుతున్నాడో చూసేవాడికి తెలియాలంటే అంత సమయం కావాలి.

డబ్బులివ్వాలా అన్నారు. ఇవ్వాలి, ఇందులో ఆలోచించాల్సింది లేదు. మీరు కథకుడి రెండు రాత్రుల పని తీసుకుంటున్నారు. ఎంత ఇస్తారో ముందే, బృందం అందరి ఎదుట చెప్పండి. ఒక్క పెద్దాయన చేతిలో పెట్టి వచ్చేస్తే వంతలకు ఎంత చేరిందన్నది మీకు తెలియదు. ఇంటివాళ్ళు కథకుడికి ఇచ్చే కట్నం (సంభావన) వేరు, మీరిచ్చేది వేరు, రెండూ కలపకండి. కలిపితే మీ చుట్టాలు "సినిమావాళ్ళు ఇచ్చారు కదా" అని చేయి వెనక్కి తీసుకుంటారు. నాకు జరిగింది.

కాగితం కూడా రాసుకోండి. మన కాపీరైట్ చట్టం 1957లో 38వ సెక్షన్ ప్రకారం పాడినవాడికి తన ప్రదర్శన మీద హక్కుంది, అది 50 ఏళ్ళు ఉంటుంది. ప్రదర్శకుడు అనే మాటకు చట్టం ఇచ్చిన అర్థంలో గాయకుడు, వాద్యకారుడితో పాటు పాములవాడు కూడా ఉన్నాడు, కాబట్టి పటం కథకుడు రాడేమోనన్న అనుమానం వద్దు. సినిమాలో వాడుకోవడానికి రాతపూర్వకంగా ఒప్పుకుంటే తర్వాత అభ్యంతరం చెప్పడం కుదరదు. అయితే వ్యాపారంగా వాడితే రాయల్టీ అడిగే హక్కును 2012 సవరణ ఇచ్చింది. ఒప్పందం తెలుగులో, ఒకే పేజీలో ఉండాలి, చదివి వినిపించాలి. చదివి వినిపించేటప్పుడు కూడా రికార్డ్ చేసుకోండి. రీల్స్ కోసం ముక్కలు కోస్తారా లేదా అన్నది అందులో రాయండి. ఈ రోజుల్లో గొడవలు అక్కడే వస్తున్నాయి.

రాత్రంతా తీసిన పూర్తి కథ, కోత లేకుండా, ఒక కాపీ కథకుడి ఇంట్లో ఇవ్వండి. హార్డ్ డిస్క్ కాదు, ఫోన్‌లో చూసుకోగలిగేలా. ఇంకో కాపీ వరంగల్‌లో ఉన్న తెలుగు విశ్వవిద్యాలయం జానపద గిరిజన విజ్ఞాన పీఠం వాళ్ళను అడిగి, తీసుకుంటామంటే అక్కడ పెట్టండి. ఇది మంచితనం కోసం చెప్పడం లేదు. ఆర్నాల్డ్ బాకే అనే డచ్ పరిశోధకుడు 1938లో దక్షిణ భారతంలో తిరిగి పాటలు రికార్డ్ చేసుకుని పోయాడు. 1984లో నజీర్ జైరాజ్‌భాయ్ బృందం ఆ రికార్డింగులు పట్టుకుని మళ్ళీ అవే చోట్లకు వెళ్ళింది, ఏది మిగిలింది, ఏది మారింది చూడ్డానికి. 46 ఏళ్ళ తర్వాత ఆ పని చేయగలిగారంటే ఎవరో ఆ రికార్డింగులను దాచబట్టే. మీ పన్నెండు నిమిషాల ట్రైలర్‌తో ఎవరూ ఏమీ చేయలేరు.

ఇప్పుడు కెమెరా. మీ దగ్గర ఇప్పటికే ఉన్నది చాలు. తక్కువ వెలుతురులో కాస్త బాగా పనిచేసే లెన్స్ ఒకటి అద్దెకు తెచ్చుకోండి. 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెట్టుకోండి. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి ట్యూబ్‌లైట్ల కింద గీతలు పారే సమస్య ఉండదు. మీ దగ్గరున్న డబ్బు మైకుకు, ఇంకో నాలుగు ప్రయాణాలకు దాచండి.

మొదటి కట్ అయ్యాక హైదరాబాద్‌లో స్నేహితులకు కాదు, ముందు ఆ వాడకట్టులోనే గోడ మీద వేసి చూపించండి. కూనపులి వాళ్ళనూ పిలవండి. చీకట్లో మీరు తెర వైపు చూడకండి, జనాన్ని చూడండి. ఎక్కడ నవ్వారో, ఎక్కడ పక్కవాళ్ళతో మాట్లాడుకున్నారో రాసుకోండి. సబ్‌టైటిల్స్ పని ఆ తర్వాతే.

ఇదంతా జరగడానికి ఏడాది పడుతుంది. ఈ వారం చేయాల్సింది మాత్రం ఒకటుంది. మీ నానమ్మకు గుర్తున్నంత వరకు, రెండు చరణాలైనా సరే, ఆ కథలో ముక్కను ఆమెతో పాడించి ఫోన్‌లో రికార్డ్ చేయండి. ఫోన్ ఆమె పక్కన దిండు మీద పెట్టండి, చేతిలో పట్టుకోకండి. ఫ్యాన్ ఆపడం మర్చిపోవద్దు.